కలవారూ లేనివారూ, మన పేట ఆర్కెస్ట్రా

సూళ్లూరుపేటలో పాటకచ్చేరి అంటే ముందు చీటీ. అగ్గిపెట్టె అట్ట చించో, బస్సు టికెట్టు వెనకాలో పాట పేరు రాసి, ఇరవయ్యో యాభయ్యో నోటుకు పిన్ను కొట్టి, చేతులు మారుస్తూ స్టేజీ దాకా పంపుతారు. దసరా రాత్రుల్లో అయినా, వినాయకుడి పందిట్లో అయినా ఇదే పద్ధతి. యాంకరు దాన్ని మైకులో చదువుతాడు. చీటీలో పాట ఉంటుంది, సినిమా ఉంటుంది, హీరో ఉంటాడు, బాలు పేరో జానకి పేరో ఉంటుంది. పంపినవాడి పేరు, వాడి వీధి పేరు తప్పకుండా ఉంటాయి. ఎదురుగా కూర్చుని మూడు గంటలుగా వాయిస్తున్న ఏడెనిమిది మంది పేరు మాత్రం ఏ చీటీలోనూ ఉండదు. ఈ ట్రూపు పేరేందన్నా అని పక్కనున్న ఆయన్ను అడిగితే, "నెల్లూరు ఆర్కెస్ట్రా అబ్బయ్యా" అంటాడు. నెల్లూరులో ఆర్కెస్ట్రాలు ఎన్నో. ఆయనకు అంతకంటే తెలియాల్సిన అవసరం రాలేదు.

ఆ చీటీలు చూసినప్పుడు నాకు ఇటలీ వాళ్లు గుర్తొస్తారు. ఎక్కడి మన కాళంగి ఏటి ఒడ్డు, ఎక్కడి ఇటలీ అని నవ్వుకోవద్దు. అక్కడ జెనోవా అనే రేవు పట్నంలో 1967లో నలుగురు కుర్రకారు కలిసి కట్టిన పాటగుంపు ఒకటుంది. పేరు రిక్కీ ఎ పోవెరి. మన మాటలో కలవారూ లేనివారూ. ఆ గుంపులో మిగిలిన ఇద్దరు, ఒక ఆడమనిషి, ఒక మగమనిషి, డెబ్బయి అయిదు దాటిన వయసులో 2024 ఫిబ్రవరిలో కొత్త పాట పట్టుకుని ఇటలీ దేశమంతా టీవీలో చూసే పెద్ద వేదిక మీదికి మళ్లీ ఎక్కారు. అంటే యాభై ఏడేళ్లు. అక్కడ మన చీటీల అలవాటే ఉంటే, దాని మీద జనం రాసేది గుంపు పేరే.

మన దగ్గర అలాంటి గుంపు ఒక్కటీ ఎందుకు నిలవలేదన్నది ఇక్కడి ప్రశ్న. గొంతులకు కరువా? వాయించే చేతులకు కరువా? రెండూ కాదు. నిజానికి మన రైలు పట్టా పొడుగునే అంతకంటే గట్టి గుంపు ఒకటి తయారైంది. ఆ సంగతికి వచ్చే ముందు జెనోవా నలుగుర్నీ కాస్త తీరిగ్గా చూడాలి. వాళ్లెలా నిలిచారో తెలిస్తే మనవాళ్లెలా చెదిరారో తెలుస్తుంది.

ఆంజెలో సోట్జూ, ఫ్రాంకో గత్తి ఒక కుర్రాళ్ల బ్యాండులో ఉండేవాళ్లు. ఆంజెలా బ్రాంబాతి మరో బ్యాండులో పాడేది. ఆమె వచ్చి వీళ్లతో చేరింది. నాలుగో గొంతుగా మరీనా ఒకియేనా కలిసింది. ఇద్దరాడవాళ్లు, ఇద్దరు మగవాళ్లు. ఒకామెది నల్ల జుట్టు, ఒకామెది బంగారు జుట్టు. ఇటలీలో వాళ్లను ఆ గుర్తుతోనే పిలిచేవారు. ఫ్రాంకో కలిఫానో అనే పాటల రచయిత మొదట్లో వీళ్లను చేరదీసి ఈ పేరు పెట్టాడు. మనసుకు కలవాళ్లు, జేబుకు లేనివాళ్లు అని ఆయన లెక్క. 1968లో వాళ్లు వేదికెక్కిన మొదటి పాట కూడా సొంతం కాదు, ఒక ఇంగ్లీషు హిట్టుకు ఇటాలియన్ మాటలు కట్టినది. ఇందులో వింతపడాల్సింది ఏమీ లేదు. హిందీ బాణీ మీద తెలుగు మాట కూర్చడం మనకు పాత చుట్టం.

వాళ్లను నిలబెట్టింది సాన్రెమో. జెనోవా ఉన్న తీరంలోనే అదో చిన్న ఊరు. 1951 నుంచి ఏటా అక్కడ పాటల పోటీ జరుగుతుంది. మనకు తిరునాళ్ల తేదీ గుర్తున్నట్టు వాళ్లకు ఆ వారం గుర్తుంటుంది. ఇప్పటికీ ఆ రాత్రుల్లో ఇళ్లలో టీవీ కట్టెయ్యరు. ఆ పోటీలో ఒక పాత పద్ధతి ఉండేది, అది గమనించదగ్గది. ఒకే పాటను ఇద్దరు వేర్వేరు గాయకులో, గుంపులో విడివిడిగా పాడేవారు. పోటీ పాటకు, పాడేవాళ్లకు కాదన్నమాట. 1970లో నికోలా ది బారి అనే గాయకుడూ ఈ నలుగురూ ఒకే పాట పాడారు, అది రెండో స్థానంలో నిలిచింది. 1971లో పోర్టోరికో నుంచి వచ్చిన అంధ గాయకుడు హోసే ఫెలిసియానోతో పంచుకుని 'కే సరా' పాడారు. అదీ రెండో స్థానమే. మొదటి బహుమతి అందలేదు గానీ దేశమంతటికీ నాలుగు ముఖాలూ తెలిశాయి.

ఆ 'కే సరా' గురించి ఒక మాట. కొండ మీది పల్లెలో పుట్టి, తోటివాళ్లంతా ఒక్కొక్కరే ఊరు విడిచిపోతుంటే తనూ బయల్దేరే కుర్రవాడి పాట అది. ఇటలీ వాళ్లు తరాలుగా పొట్ట చేతబట్టుకుని జర్మనీకి, అమెరికాకు, అర్జెంటీనాకు పోయినవాళ్లు. సూళ్లూరుపేట స్టేషన్లో తెల్లవారుజామున చెన్నై లోకల్ కోసం టిఫిన్ డబ్బా పట్టుకుని నిలబడే కుర్రాళ్లకు ఆ పాట అర్థం చెబితే చాలు, బాణీ వాళ్లే పట్టేస్తారు. మన వాళ్లు సాయంత్రానికి తిరిగొస్తారు, అదొక్కటే తేడా.

ఇక్కడ పాట పనితనం గురించి కొంచెం ఆగి చెప్పాలి. తొలి రోజుల్లో వీళ్ల గొప్పంతా నాలుగు గొంతుల అల్లిక. దాన్ని ఇలా ఊహించుకోండి. మన భజనలో పెద్దాయన ఒక చరణం అంటాడు, మిగతా అందరూ అదే చరణాన్ని అదే స్వరంలో తిరిగి అంటారు. నలభై మంది పాడినా బాణీ ఒకటే. చర్చిలో క్రిస్మస్ ముందు క్వాయర్ వాళ్లు సాధన చేసేటప్పుడు వింటే మరోలా ఉంటుంది. ఆడపిల్లల్లో కొందరు పైబాణీ, కొందరు దాని కిందిది, మగవాళ్లు ఇంకా కింద రెండు. మాట ఒకటే, నాలుగు బాణీలు పక్కపక్కనే నడుస్తాయి, కలిసి ఒక నిండుతనం వస్తుంది. జెనోవా నలుగురిది ఈ రెండో పద్ధతి. వినడానికి మహా సొంపు. కానీ విన్నవాడు ఇంటికెళ్లి పాడుకోవాలంటే ఒక్కడి వల్ల కాదు. వినేవాళ్లు వినేవాళ్లుగానే మిగిలిపోతారు.

1981లో మరీనా విడిపోయింది. గుంపులో గొడవలయ్యాయి, ఆ ఏటి సాన్రెమో ముందర అది రచ్చకెక్కింది. నాలుగు కాళ్ల మంచానికి ఒక కాలు ఊడిందనే అందరూ అనుకుని ఉంటారు. మిగిలిన ముగ్గురూ ఆ ఏడాదే 'సరా పెర్కే తి ఆమో' పాడారు. నిన్ను ప్రేమిస్తున్నందువల్లే కాబోలు, అని ఆ పేరుకు అర్థం. పోటీలో అయిదో స్థానం. బయట మాత్రం ఇటలీలో ఆ ఏటి పెద్ద హిట్లలో ఒకటి. ఇప్పటికీ గుంపు పేరు చెబితే ముందు గుర్తొచ్చే పాట అదే.

నాలుగో గొంతు పోవడం వాళ్లకు కలిసొచ్చిందని నా అభిప్రాయం. అల్లిక పలచబడింది. ముగ్గురూ కలిసి ఒకే బాణీని గట్టిగా పట్టే పల్లవి వచ్చింది. మాటలు పొట్టివి, అడుగు నాలుగు చప్పట్లలో ఇమిడేది, ఊపిరి ఎక్కడ తీసుకోవాలో పాటే చెబుతుంది. రెండోసారి పల్లవి వచ్చేసరికి విన్నవాడి నోట్లో అది ఉంటుంది. క్వాయర్ నుంచి భజనకు వచ్చారని మనం సులువుగా అనుకోవచ్చు. సంగీతం తెలిసినవాళ్లు దాన్ని మెట్టు దిగడం అనవచ్చు, నేననను. వెయ్యి మంది ఒక్కసారిగా పాడగలిగే బాణీ కట్టడం ఎంత కష్టమో కోలాటం గురువుల్ని అడిగితే చెబుతారు. మరుసటేడు 'మమ్మా మరియా', 1985లో సాన్రెమోలో ఎట్టకేలకు మొదటి బహుమతి. 1986లో సోవియట్ దేశంలో కచ్చేరీలు చేశారు. ఆ రోజుల్లో సాన్రెమో పాటలు అక్కడి టీవీలో వచ్చేవి. పడమటి దేశాల పాటలకు తలుపు సగమే తీసి ఉన్న ఆ దేశంలో ఇటలీ పాటలు ఇంటింటికీ చేరాయి. ఇటాలియన్ ఒక్క ముక్క రాని జనం ఈ పల్లవులు పాడేవారు. 1985లో వచ్చిన 'లెఫ్రాంతే' అనే ఫ్రెంచి సినిమాలో ఆ 1981 పాట వాడితే ఫ్రాన్సులో దానికి ఇంకో తరం దొరికింది. ఇటలీ ఫుట్‌బాల్ మైదానాల్లో అభిమానులు ప్రేమ అన్న చోట తమ జట్టుకు కొమ్ముకాయడం గురించి మాట మార్చి పాడుకుంటారు. ఆ పాట వచ్చిన ఏడాది ఆ కుర్రాళ్లలో చాలామంది తల్లిదండ్రులకే పెళ్లి కాలేదు.

2016లో ఫ్రాంకో గత్తి ఇక చాలని తప్పుకున్నాడు. ఇద్దరు మిగిలారు. అయినా పోస్టరు మీద పేరు మారలేదు. 2020 ఫిబ్రవరిలో నలుగురూ మళ్లీ ఒకసారి సాన్రెమోలో కలిశారు, మరీనాతో సహా. 2022 అక్టోబరులో ఫ్రాంకో చనిపోయాడు. నలుగురు ముగ్గురై, ఇద్దరై, మళ్లీ నలుగురై, మళ్లీ ఇద్దరయ్యారు. పేరు మాత్రం మొదటినుంచీ ఆ ఒక్కటే. రికార్డు అట్ట మీద, కచ్చేరీ టికెట్టు మీద, టీవీలో కింద వచ్చే అక్షరాల్లో అదే పేరు. పాట ఎవరిదంటే ఆ పేరుదే.

ఇక మన పట్టా మీదికి వద్దాం.

ఆంజెలో సోట్జూ పుట్టింది 1946 ఫిబ్రవరిలో. అదే ఏడాది జూన్ 4న కోనేటమ్మపేటలో హరికథలు చెప్పే సాంబమూర్తి గారికి ఒక కొడుకు పుట్టాడు. ఆ పల్లె ఇప్పుడు తమిళనాడు తిరువళ్లూరు జిల్లాలో ఉంది. ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం నెల్లూరువాడు అని అందరం అంటాం గానీ, ఆయన చిన్నతనం మన చుట్టుపక్కలే తిరిగింది. మనకు పడమరగా శ్రీకాళహస్తిలో చదువు, ఉత్తరంగా గూడూరులో పాటల పోటీలు. గూడూరు పోటీకి అతిథిగా వచ్చిన ఎస్. జానకి, ఈ అబ్బాయికి రెండో బహుమతి ఏమిటి, మొదటిది దక్కాల్సిందని అన్నారని, సినిమాల్లో ప్రయత్నించమని చెప్పారని ఆయన ఎన్నోసార్లు చెప్పుకున్నారు. తర్వాత ఇంజనీరింగు చదువు మద్రాసుకు లాక్కుపోయింది. గూడూరు నుంచి మద్రాసు పోయే రైలు నాయుడుపేట, సూళ్లూరుపేట, తడ దాటుకునే పోవాలి.

1964లో మద్రాసులో తెలుగువాళ్ల సాంస్కృతిక సంస్థ పెట్టిన పోటీలో ఆయనకు మొదటి బహుమతి వచ్చింది. 1966 డిసెంబరు 15న ఎస్పీ కోదండపాణి సంగీతంలో 'శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న' సినిమాకు మొదటి పాట రికార్డయింది. ఇంతవరకు అందరికీ తెలిసిందే. ఆ రోజుల్లో బాలు ఒక లలిత సంగీత బృందం నడిపేవారన్నది మాత్రం మాట వరసకు చెప్పి వదిలేస్తారు. ఆ బృందంలో ఎవరున్నారో చూడండి. అనిరుద్ధ హార్మోనియం. ఇళయరాజా గిటారు, తర్వాత హార్మోనియం. ఆయన అన్న భాస్కర్ తాళవాద్యాలు. తమ్ముడు గంగై అమరన్ గిటారు. పాట బాలు.

ఇటలీలో ఎవరైనా ఈ జాబితా చూస్తే దీన్ని బ్యాండు అనే అంటారు. పెళ్లి పందిళ్లలో, సభల్లో నాలుగు వాద్యాలు, ఒక గొంతు. అన్నదమ్ములు ముగ్గురూ అంతకుముందే గుంపుగా ఊరూరూ తిరిగి రాటుదేలినవాళ్లు. వాళ్ల అన్న పావలర్ వరదరాజన్ నడిపిన పావలర్ బ్రదర్స్ బృందం కమ్యూనిస్టు పార్టీ సభల్లో పాడేది. ఇళయరాజా పధ్నాలుగేళ్ల వయసులోనే అందులో చేరారు. మద్రాసుకొచ్చాక ధనరాజ్ మాస్టారి దగ్గర పడమటి సంగీతం నేర్చారు. క్వాయర్ వాళ్లు పాడే ఆ నాలుగు బాణీల అల్లిక కాగితం మీద రాయడం అక్కడే వంటబట్టింది. జనం పట్టే పల్లవి, దాని కింద పడమటి అల్లిక, పైన బాలు గొంతు, ఈ మూడూ ఒక గుంపులో దొరకడం ఏ దేశంలోనైనా అరుదు.

మరి ఆ గుంపు ఏమైంది? సినిమా పట్టుకుపోయింది. బాలుకు పాటలు పెరిగాయి. ఇళయరాజా జీకే వెంకటేశ్ దగ్గర సహాయకుడిగా చేరి, 1976లో 'అన్నక్కిళి'తో సంగీత దర్శకుడయ్యారు. గంగై అమరన్ పాటలు రాసి, సంగీతం చేసి, దర్శకుడు కూడా అయ్యారు. గుంపుగా విడిపోయినా స్టూడియోలో మళ్లీ మళ్లీ కలిశారు. ఆ కలయికలో పుట్టిన పాటలు మన చీటీల్లో ఇప్పటికీ అందరికంటే ముందుంటాయి. కాబట్టి ఆ గుంపు పోయిందని ఏడ్వాల్సిన పని లేదు, వేరే రూపంలో మనకు వందరెట్లు తిరిగొచ్చింది. నష్టం ఉన్నది పేరులో. ఆ పాటలన్నీ సినిమా పేరు మీద నమోదయ్యాయి. గ్రామఫోను రికార్డు నడిమి కాగితం చూడండి. పైన సినిమా పేరు, కింద చిన్న అక్షరాల్లో పాడినవాళ్లు, సంగీతం. వయొలిన్ వాయించినవాడికి, తబలా పట్టినవాడికి అక్కడ చోటు ఉండేది కాదు.

ఇదే అసలు తేడా. ఇటలీలో పాట ముందు గుంపుది. ఆ తర్వాతే సినిమావాడో ఫుట్‌బాల్ కుర్రాళ్లో దాన్ని తీసుకుపోతారు. మన దగ్గర 1932లో 'భక్త ప్రహ్లాద' వచ్చిన నాటి నుంచి పాట సినిమాలో పుట్టి, అక్కణ్ణుంచి ఊళ్లోకి వస్తుంది. సినిమా వందరోజులు ఆడినా ఆడకపోయినా పాట నిలుస్తుంది, కానీ చీటీ మీద సినిమా పేరుతోనే నిలుస్తుంది. ఆకాశవాణి లలిత గీతాలు మరో దారి చూపించాయి. బాలాంత్రపు రజనీకాంతరావు, పాలగుమ్మి విశ్వనాథం వంటివాళ్లు సినిమాతో పనిలేని పాటలు కట్టి ఇంటింటికీ నేర్పారు. కానీ అక్కడ నిలిచింది రచయిత, స్వరకర్త, ఒక్క గొంతు. గుంపు తయారుకాలేదు.

గుంపును గుంపుగా నిలబెట్టాలని పట్టుబట్టినవాడు మన పొరుగు జిల్లాలోనే పుట్టాడు. ఎం.బి. శ్రీనివాసన్, 1925లో చిత్తూరులో. మలయాళం వాళ్లకు ఆయన బాగా తెలుసు, సినిమా సంగీతంలో అక్కడ పెద్ద పేరు. మనకే తెలియదు, అది మన చేతకానితనం. 1970ల మొదట్లో మద్రాస్ యూత్ కోయిర్ స్థాపించి, పదులమంది యువకుల చేత భారతి పాటల్ని, రకరకాల భారతీయ భాషల పాటల్ని నాలుగు బాణీల అల్లికలో పాడించాడు. సినిమాకు వాయించే వాద్యకారులకు ఒక సంఘం ఏర్పడడం వెనక ఉన్నవాళ్లలోనూ ఆయన ఒకడు. 1988 మార్చిలో లక్షద్వీప్‌లో బృందగానం నేర్పించడానికి వెళ్లి అక్కడే చనిపోయాడు. ఆయన పోయాక కూడా ఆ కోయిర్ పాడింది. పాడేవాళ్లు మారారు, పేరు మారలేదు. ఇక్కడ గుంపు నిలవదన్న మాట పూర్తి నిజం కాదనడానికి ఇది నిదర్శనం. అయితే ఆయన ఎంచుకున్నది క్వాయర్ అల్లిక. జనం ఒళ్లు మరిచి విన్నారు. తిరునాళ్లలో చీటీ రాసి పంపలేకపోయారు.

టీవీ వచ్చాక మళ్లీ ఒక గాలి తగిలింది. 1996లో ఈటీవీలో బాలు మొదలుపెట్టిన 'పాడుతా తీయగా' నుంచి వచ్చిన స్మిత, కొన్నేళ్లకు తెలుగు పాప్ ఆల్బం చేసింది. రమణ గోగుల తన బ్యాండు పేరుతో బయల్దేరి, 1998లో 'ప్రేమంటే ఇదేరా'తో సినిమాకు వచ్చేశారు. ఈ మధ్య కాలంలో హైదరాబాదు చౌరస్తా బ్యాండుది అన్నింటికంటే ఆశపెట్టిన కథ. పల్లె పదాలకు గిటారు జోడించి సొంత పాటలు కట్టారు. 2020లో కరోనా మొదట్లో వాళ్ల 'చేతులెత్తి మొక్కుతా' ప్రతి ఫోనులోనూ మోగింది. జనం నోట గుంపు పేరు కూడా వచ్చింది, అది మన దగ్గర అరుదైన సంగతి. ఆ పాట ముందున్న రామ్ మిర్యాల ఆ వెంటనే 'జాతిరత్నాలు', 'డీజే టిల్లు' పాటలతో సినిమాలో స్థిరపడ్డాడు. తప్పు పట్టడానికి లేదు. 1966లో బాలు చేసింది అదే, 1976లో ఇళయరాజా చేసిందీ అదే. మన దగ్గర మంచి పాటగాడికి తెరుచుకునే పెద్ద తలుపు ఒక్కటే, అందులో ఒక్కొక్కరుగానే పట్టేది.

అయితే గుంపులు పూర్తిగా ఎండిపోలేదు. అవి ఆర్కెస్ట్రాలుగా మన ఊళ్లలో బతుకుతున్నాయి. చూస్తే తెలుస్తుంది, జెనోవా నలుగురికి ఉన్నవన్నీ వీటికీ ఉన్నాయి, ఒక్కటి తప్ప. ఏటా పిలిచే వేదిక ఉంది. సాన్రెమోకు వారం రోజులైతే మనకు వినాయక చవితి, దసరా, ఊరి తిరునాళ్లు, పెళ్లిళ్లు. సూళ్లూరుపేటకు పక్షుల పండుగ కూడా ఉంది. 2025 జనవరిలో జరిగినప్పుడు నేలపట్టుకు కొంగల్ని చూడ్డానికి పోయినవాళ్లు రాత్రికి పేటలో స్టేజీ ముందు తేలారు. జనం ఒక్కసారిగా అందుకునే పల్లవులు లెక్కలేనన్ని. చేయి తిరిగినవాళ్లు ఉన్నారు. అచ్చంగా బాలు గొంతుతో పాడేవాడు ఒకడుంటాడు, వాణ్ని 'బాలు వాయిస్' అనే పిలుస్తారు. ఘంటసాల వాయిస్ వేరే. మనో వాయిస్ దొరికితే ట్రూపుకు గిరాకీ. ఆడగొంతుల్లో సుశీల, జానకి, చిత్ర ముగ్గురినీ ఒక్కామే మోయాలి. సూళ్లూరుపేటలో ఇంకో పరీక్ష ఉంది. అవతల తమిళ సరిహద్దు, ఇవతల రాకెట్ కేంద్రం వాళ్ల షార్ కాలనీలో దేశం నలుమూలల వాళ్లు. చీటీల్లో తెలుగు తర్వాత తమిళం తప్పదు, ఎవరో ఒకరు హిందీ అడుగుతారు, మలయాళం కూడా ఒకటి రావచ్చు. ఆ బాణీలన్నీ కీబోర్డు అబ్బాయి బుర్రలో ఉండాలి, చీటీ చదివిన అరనిమిషంలో శ్రుతి ఎంచి మొదలుపెట్టాలి. రిక్కీ ఎ పోవెరి కచ్చేరీల్లో ఏ పాట తర్వాత ఏదో ముందే తెలుస్తుంది. మనవాళ్లకు ఆ సౌకర్యం లేదు.

లేనిదల్లా పేరు. మన ఆర్కెస్ట్రా గాయకుడు ఎంత బాగా పాడితే అంతగా వేరేవాడవుతాడు. కళ్లు మూసుకుంటే బాలు పాడినట్టే ఉందంటే వాడికి అదే పెద్ద మెప్పు. సొంత గొంతుతో, సొంత పాట పాడితే వినే ఓపిక పందిట్లో ఎవరికీ లేదు, దానికి చీటీ రాదు. కాబట్టి వాడు సొంత పాట కట్టడు. కట్టడు కాబట్టి వాడి పేరు చీటీలోకి ఎక్కదు. ఈ చక్రంలో తప్పెవరిదో పట్టుకోవడం కష్టం. జెనోవా వాళ్లు కూడా అరువు బాణీతోనే మొదలుపెట్టారు, కానీ సాన్రెమో ఏటేటా కొత్త పాట తెమ్మని మెడ మీద కూర్చునేది. పాత పాటలు పాడతామంటే అక్కడ పోటీలోకి రానివ్వరు. మన వేదిక పాతవే పాడమంటుంది.

ఈ పదేళ్లలో మన ఆర్కెస్ట్రాకూ గండం వచ్చింది. దాని పేరు ట్రాక్. పాటలోంచి గొంతు తీసేసి వాద్యాలు మాత్రం మిగిల్చిన రికార్డు ఫోనులో దొరుకుతుంది, దాని మీద ఒకడు పాడితే చాలు. ఎనిమిది మందికి ఇచ్చే డబ్బులో ఇద్దరికి ఇస్తే కచ్చేరి అయిపోతుంది. కమిటీవాళ్ల లెక్క కమిటీవాళ్లది, పందిరి ఖర్చు, మైకుసెట్టు, సీరియల్ బల్బులు అన్నీ పెరిగాయి. డ్రమ్సు వాయించేవాడు వెల్డింగుకు, తడ దగ్గర ఫ్యాక్టరీలకు పోయాడు. ట్రాక్‌తో ఒక చిక్కుంది, వినేవాళ్లే దాన్ని కనిపెట్టారు. పల్లవి బాగా వచ్చి జనం ఇంకోసారి అని అరిస్తే ట్రాక్ ఆగదు, చరణంలోకి పోతుంది. మనుషులు వాయిస్తుంటే బాలు వాయిస్ చేయి పైకెత్తి ఒక వేలు చూపిస్తాడు, అంతే, డ్రమ్సు వెనక్కి తిరిగి పల్లవి పట్టుకుంటుంది, మూడోసారి, నాలుగోసారి. అప్పుడు మైకు జనం వైపు తిప్పుతారు. ముందు వరసలో పిల్లలు, వాళ్ల వెనక నాయనమ్మలు. ఇటలీ మైదానంలో జరిగేది అదే, పాట వేరు.

మొన్న ఒక కమిటీవాళ్లు అచ్చు వేసిన పోస్టరు చూశాను. పైన అమ్మవారు. ఆ కింద ఎమ్మెల్యే, ఆయన పక్కన స్థానిక నాయకులు పదహారుమంది, పేర్లతో, ఫోటోలతో. నడుమ పెద్ద అక్షరాల్లో 'బాలు, ఇళయరాజా హిట్స్ గ్రాండ్ మ్యూజికల్ నైట్'. అట్టడుగున షామియానా వాళ్ల ఫోన్ నంబరు, సౌండు వాళ్ల ఫోన్ నంబరు. ట్రూపు పేరు ఏదన్నా అని పోస్టరు అతికిస్తున్న అబ్బాయిని అడిగాను. బకెట్లో పేస్టు కలుపుతూ తలెత్తాడు.

"ఆర్కెస్ట్రా ఉంటాదిలే సార్. లైవే. ట్రాకు కాదు."

దాన్నే పెద్ద సంగతిగా చెప్పి, రెండో పోస్టరు మడత విప్పాడు.